వరంగల్ చుట్టుపక్కల సర్కారు భూమిలో ఖర్చు లేకుండా గుడారం వేసుకోవడం ఎలా?

చెరువు దగ్గర ఒక రాత్రి గుడారం వేసుకుంటే ఎవరైనా అడ్డు చెబుతారా, లక్నవరం పక్క అడవిలో డబ్బు కట్టకుండా ఉండవచ్చా, సర్కారు భూమి అందరిదీ అయినప్పుడు ఒకరిని అడగడమెందుకు అనే ప్రశ్నలు దసరా సెలవులకు ముందొకసారి, సంక్రాంతికి ముందొకసారి తప్పకుండా వస్తుంటాయి. ఒక్కొక్కరికి విడివిడిగా జవాబు చెప్పే బదులు మొత్తం పద్ధతిని ఒకచోట వరుసగా రాస్తున్నాను. ఇది ప్రధానంగా వరంగల్, హన్మకొండ, ములుగు, జయశంకర్ భూపాలపల్లి, మహబూబాబాద్ జిల్లాలకు వర్తిస్తుంది; కరీంనగర్, మంచిర్యాల, ఆదిలాబాద్ వైపు వెళ్లేవారికి కూడా చాలావరకు పనికివస్తుంది.

ముందు సూటి జవాబు చెబుతాను. అమెరికాలో బ్యూరో ఆఫ్ ల్యాండ్ మేనేజ్‌మెంట్ అనే ప్రభుత్వ సంస్థ కింద ఉన్న భూముల్లో చాలాచోట్ల 14 రోజుల దాకా ఉచితంగా గుడారం వేసుకోనిస్తారు. అక్కడివారు తీసిన వీడియోలు చూసి, అలాంటి ఏర్పాటు మన దగ్గర కూడా ఉంటుందని చాలామంది అనుకుంటున్నారు. లేదు. ప్రభుత్వ భూమిలో రాత్రి బస చేసే హక్కును మనకు ఏ చట్టమూ ఇవ్వలేదు. అయినా ఉచితంగా ఉండవచ్చు, ఎందుకంటే మన పల్లెల్లో ఖాళీ జాగాను చూసుకునే మనిషి ఎవరో ఒకరు ఉంటారు, ఆ మనిషిని సరిగా అడిగితే చాలాచోట్ల ఒక రాత్రికి కాదనరు. అందువల్ల ఈ పనిలో సగం భాగం గుడారానికి సంబంధించినది కాదు. భూమి ఎవరి చేతిలో ఉందో తెలుసుకోవడం, వారిని అడగడం.

దగ్గర ఉండవలసినవి

- అడుగుభాగం గోడలతో కలిపి కుట్టి ఉండి, జిప్పు పూర్తిగా మూసుకునే గుడారం. పైన టార్పాలిన్ కట్టి కింద చాప పరుచుకొని పడుకోవడం చౌకే కానీ, పాముల కారణంగా దాన్ని నేను సిఫారసు చేయను. టార్పాలిన్ తప్పనిసరైతే నాలుగువైపులా పరుపు కిందికి మడిచే దోమతెర ఉండాలి.
- ఇనుప మేకులు, నైలాన్ తాడు ఒక 15 మీటర్లు. గుడారంతోపాటు వచ్చే సన్నని అల్యూమినియం మేకులు మన మొరం నేలలో మొదటి దెబ్బకే వంగిపోతాయి.
- చాప, దాని మీదికి మందపాటి చెద్దరు. డిసెంబరు, జనవరి నెలల్లో ఆదిలాబాద్ వైపు వెళితే గొంగడి కూడా కావాలి.
- తలకు కట్టుకునే టార్చి ఒకటి, చేతి టార్చి ఒకటి.
- మనిషికి నాలుగైదు లీటర్ల తాగునీరు.
- చిన్న గ్యాస్ పొయ్యి, లేదా వండనక్కరలేని తిండి. జొన్న రొట్టెలు, సర్వపిండి, పులిహోర ఒక రాత్రికి పాడుకావు.
- చిన్న పార, చెత్తకు రెండు గట్టి సంచులు, ఓఆర్ఎస్ ప్యాకెట్లు, గాయాలకు కట్టుకునే గుడ్డ.
- ఆధార్ కార్డు జిరాక్సు, కాగితం మీద రాసుకున్న ఫోను నంబర్లు. ఏజెన్సీ మండలాల్లో సిగ్నల్ పోయినప్పుడు, ఫోను చార్జింగ్ అయిపోయినప్పుడు ఆ కాగితమే అక్కరకొస్తుంది.

1. కాలం చూసుకోండి

నవంబరు చివరి నుంచి ఫిబ్రవరి మధ్య దాకా మాత్రమే మొదటి ప్రయత్నం చేయండి. జూన్ నుంచి అక్టోబరు దాకా వాగుల దగ్గర, చెరువుల కింద గుడారం వేయవద్దు. 2023 జూలై 27 ఉదయానికి 24 గంటల్లో ములుగు జిల్లా లక్ష్మీదేవిపేటలో 649.8 మిల్లీమీటర్ల వాన కురిసింది. అదే రోజు మోరంచవాగు పొంగి భూపాలపల్లి జిల్లా మోరంచపల్లి ఊరంతా నీట మునిగింది. దానికి ముందు రోజే ముత్యంధార జలపాతం చూడబోయినవారు వాగు పొంగడంతో అడవిలో చిక్కుకుపోతే విపత్తు దళాలు వచ్చి బయటికి తేవలసి వచ్చింది. మీ నెత్తిన చినుకు పడకపోయినా ఎగువన కురిసిన వాన రాత్రికి రాత్రే మీ దగ్గరికి వస్తుంది.

ఎండాకాలంలో ఇబ్బంది వేరు. ఆకు రాలి అడవి ఎండిపోయి ఉంటుంది, ఇప్పపువ్వు ఏరేవారు, తునికాకు కోసేవారు తెల్లవారుజాము నుంచే తిరుగుతుంటారు, నిప్పు అంటుకుంటే కొత్తవారి మీదికే అనుమానం పోతుంది.

చలికాలంలో కూడా ఒక్క విషయం గుర్తుంచుకోవాలి. వానాకాలం పంట కోతలయ్యాక ఊళ్లలో వడ్ల కొనుగోలు కేంద్రాలు తెరుస్తారు. ఉపగ్రహ చిత్రంలో నున్నగా, ఖాళీగా కనిపించిన మైదానం మీరు వెళ్లేసరికి వడ్ల కుప్పలతో, లారీలతో నిండి ఉండవచ్చు.

2. అసలు వద్దనుకోవలసిన చోట్లను ముందే కొట్టేయండి

చోటు వెతకడం ఇక్కడి నుంచి మొదలుపెడితే చాలా సమయం కలిసివస్తుంది.

అభయారణ్యాలు, పులుల అభయారణ్యం. ఏటూరునాగారం, పాకాల, ప్రాణహిత, కవ్వాల్, గోదావరి ఒడ్డున మొసళ్ల కోసం ఏర్పాటైన శివ్వారం, వీటన్నిటికీ 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం వర్తిస్తుంది. ఆ చట్టంలోని 27, 28 సెక్షన్ల ప్రకారం అనుమతి లేకుండా లోపలికి వెళ్లడానికే వీలు లేదు, 30వ సెక్షన్ ప్రకారం నిప్పు పెట్టడం నేరం. పాకాల చెరువు గట్టు ఎంత ఊరించినా అది అభయారణ్యం లోపలి చోటు.

రిజర్వు అడవులు. అభయారణ్యం కాకపోయినా 1967 నాటి అటవీ చట్టం ఉంటుంది. పాండవుల గుట్టలు, బొగత జలపాతం వంటివి అటవీ శాఖ ఆధీనంలో ఉన్నాయి; పగలు చూసి రావడానికే అవి. అడవి ఎక్కడ మొదలవుతుందో బోర్డు లేకపోయినా తెలుసుకోవచ్చు: ఆక్రమణలు ఆపడానికి చాలాచోట్ల అటవీ శాఖ హద్దు వెంబడి కందకం తవ్వించింది. చేను అయిపోయి కందకం కనిపించిందంటే, దాని అవతలికి గుడారం తీసుకువెళ్లవద్దు.

రక్షిత కట్టడాలు. రామప్ప గుడి, ఖిలా వరంగల్, గణపురం కోటగుళ్ల ప్రాంగణాల్లో రాత్రి ఉండనివ్వరు. రామప్పకు 2021లో యునెస్కో గుర్తింపు వచ్చింది, కాపలా కూడా దానికి తగ్గట్టే ఉంటుంది.

గోదావరి ఇసుక. వెన్నెల రాత్రి ఇసుక తిన్నెల మీద పడుకోవాలన్న కోరిక నాకు అర్థం కానిది కాదు. కానీ పైన ఎల్లంపల్లి, తుపాకులగూడెం బ్యారేజీల గేట్లు ఎప్పుడు ఎత్తుతారో మీకు చెప్పేవారుండరు. పైగా రాత్రంతా ఇసుక లారీలు తిరుగుతుంటాయి.

ఛత్తీస్‌గఢ్ సరిహద్దు గుట్టలు. వాజేడు, వెంకటాపురం మండలాల్లో కర్రెగుట్టల వైపు మందుపాతరలు పేలి ప్రాణాలు పోయాయి. కాలిబాట ఎంత బాగున్నా అటు వెళ్లవద్దు.

కాగజ్‌నగర్ పరిసరాలు. 2020 నవంబరులోనూ, 2024 నవంబరులోనూ అక్కడ పులి దాడుల్లో మనుషులు చనిపోయారు. పత్తి ఏరే కాలం అది. పట్టపగలే జరిగాయి.

3. మిగిలినవాటిలో మంచి చోట్లు ఇవి

కొట్టేసినవి పోగా మిగిలేది తక్కువేమీ కాదు. నా దృష్టిలో మొదటి స్థానం ఊరి క్రీడా ప్రాంగణానిది. 2022 నుంచి రాష్ట్రంలో ఊరూరా వీటిని ఏర్పాటు చేశారు. కొన్ని బాగున్నాయి, కొన్ని బోర్డు తప్ప మరేమీ లేనివి. బోర్డు మాత్రమే ఉన్నవి గుడారానికి ఇంకా అనుకూలం, ఎందుకంటే తెల్లారి ఆడుకోవడానికి ఎవరూ రారు. తరువాత సర్కారు బడి మైదానం, సెలవు రోజుల్లో మాత్రమే. రైతు వేదిక ఆవరణ కూడా మంచిదే. వాన వస్తే తలదాచుకోవడానికి వరండా ఉంటుంది.

జాతర మైదానాలను మరిచిపోవద్దు. మేడారానికి ఎడ్లబండ్లు కట్టుకొని పోయి జంపన్నవాగు చుట్టూ గుడారాలు వేసుకోవడం మన తాతల నాటి నుంచి ఉన్నదే. జాతర రోజుల్లో అక్కడ విడిది చేయడానికి ఎవరూ అడ్డు చెప్పరు, కాని ప్రశాంతతను ఆశించవద్దు. చిన్న జాతరలు జరిగే గుట్టల కింద, ఏడాదిలో రెండు మూడు రోజులు తప్ప ఖాళీగా ఉండే మైదానాలు చాలా ఉన్నాయి. అవి దేవాదాయ శాఖ కిందనో, ఊరి కిందనో ఉంటాయి.

ఇక చెరువులు. కాకతీయుల కాలం నుంచి చెరువుల మీద బతికిన నేల కనుక అందరి కన్నూ వీటి మీదే ఉంటుంది. కట్ట మీద మాత్రం వేయవద్దు. అది ట్రాక్టర్లు, బండ్లు పోయే తోవ. రాతి కట్టడం సందుల్లో పాములుంటాయి. తూము, మత్తడి (చెరువు నిండితే నీరు పొర్లే చోటు) దగ్గర కాలు జారితే పట్టుకోవడానికి ఏమీ ఉండదు. చెరువు లోపలి శిఖం భూమి చలికాలంలో గడ్డితో పచ్చగా కనిపిస్తుంది, కాని కింద బురద ఉంటుంది, యాసంగిలో దాన్ని సాగు చేసుకునేవారూ ఉంటారు. కట్టకు బయట, మత్తడి వాగుకు దూరంగా, కొంచెం ఎత్తున ఉన్న ఊరి జాగా సరైనది. బతుకమ్మ తొమ్మిది రోజులు మాత్రం సాయంత్రం చెరువు ఒడ్డు ఆడవాళ్లది; ఆ రోజుల్లో అక్కడ గుడారం వేస్తామని అడగడమే మర్యాద కాదు.

ఒక హెచ్చరిక. పటంలో ఊరికి కొంచెం దూరంగా, ప్రహరీతో, షెడ్డుతో, నల్లాతో, స్నానాల గదులతో సహా కనిపించే చక్కని చోటు చూసి సంబరపడి వెళ్లేవారున్నారు. చాలాసార్లు అది వైకుంఠధామం, అంటే ఊరి శ్మశానం.

4. భూమి ఎవరిదో తేల్చుకోండి

ఇంట్లో కూర్చొని ఇస్రో వారి భువన్ పటంలోనో, గూగుల్ పటంలోనో చోటును గుర్తించుకోండి. ఊరి ఇళ్ల నుంచి అర కిలోమీటరు లోపు ఉన్నదాన్ని ఎంచుకోవడం మంచిది; పిలిస్తే పలికే దూరం ఉండాలి, వారి మాటలు మనకు, మన మాటలు వారికి ఇబ్బంది కాని దూరమూ ఉండాలి.

ఊరికి వెళ్లాక పక్క చేను రైతునడిగితే సర్వే నంబరు చెబుతాడు. 2025లో ధరణి స్థానంలో వచ్చిన భూ భారతి పోర్టల్‌లో ఆ నంబరు వేసి చూస్తే అది పట్టానా, ప్రభుత్వ భూమా అన్నది కనిపిస్తుంది. ఇక్కడే చాలామంది ఆగిపోతారు, ఆగకూడదు. రికార్డులో ప్రభుత్వ భూమి అని ఉన్నా అది అసైన్డ్ (సర్కారు పేదలకు పంచినది) అయితే దున్నుకునే కుటుంబం ఒకటి ఉంటుంది. బంచరాయి (పశువుల మేత భూమి) అయితే పశువులవారు, గొర్రెలవారు ఉంటారు. అడవి అంచున పోడు భూమి అయితే దాని చుట్టూ అటవీ శాఖకూ రైతులకూ మధ్య ఏళ్ల తరబడి నడుస్తున్న తగాదా ఉండవచ్చు; అటువంటి చోట మీ గుడారం ఎవరి పక్షమో అన్న చర్చ కూడా వస్తుంది.

సరిచూసుకునే పద్ధతి ఇది: రికార్డు చెప్పేదీ, ఒకరికొకరు సంబంధం లేని ఇద్దరు ఊరివాళ్లు చెప్పేదీ ఒకటే కావాలి. మూడింటిలో ఒకటి తేడా వచ్చినా ఆ జాగా వదిలేయండి.

5. అడగండి

ఎవరిని అడగాలో ముందు చెబుతాను. ఊరి జాగా, క్రీడా ప్రాంగణం అయితే సర్పంచిని, దొరకకపోతే పంచాయతీ కార్యదర్శిని. బడి అయితే ప్రధానోపాధ్యాయుడిని. గుడి జాగా అయితే పూజారిని, పెద్ద గుడి అయితే కార్యనిర్వహణాధికారిని. చెరువు దగ్గరైతే మొదట నీరటిని. తూములు ఎత్తి దించే ఆ మనిషికి ఏ మూల నీరు ఊరుతుందో, ఏ చెట్టు కింద పాము తిరుగుతుందో అధికారుల కంటే బాగా తెలుసు. పెద్ద చెరువైతే ఆ తరువాత నీటిపారుదల శాఖ ఇంజనీరుకు కూడా చెప్పాలి. ఏజెన్సీ మండలాల్లో ఎవరు ఒప్పుకున్నా పోలీస్ స్టేషన్‌కు ఒక మాట చెప్పి, పేర్లు రాయించి వెళ్లండి.

అడిగే తీరు గురించి. కార్యదర్శికి ఉద్యోగ భాషలో చెప్పవచ్చు. ఊరి పెద్దలతో మాత్రం మన మాటలోనే మాట్లాడండి:

"సర్పంచ్ సాబ్, నమస్తే. మేము నలుగురం హన్మకొండ నుంచి వచ్చినం. ఈ ఒక్క రాత్రి మీ ఊరి గ్రౌండుల టెంటేసుకొని పండుకుంటం, పొద్దుగాల ఏడు గంటలకల్ల లేసి పోతం. తాగుడు, లొల్లి ఏం ఉండదు. మీకేమన్న ఇబ్బంది ఉంటే చెప్పుండ్రి."

ఇందులో ఎంతమంది, ఎక్కడి నుంచి, ఎన్ని రాత్రులు, ఎప్పుడు వెళతారు అన్న నాలుగు సంగతులూ వచ్చాయి. తాగుడు ఉండదన్న మాట అడగకముందే చెప్పడం అవసరం, ఎందుకంటే వారి మనసులో ఉండే మొదటి అనుమానం అదే. మాట ఇచ్చాక నిలబెట్టుకోవాలని వేరే చెప్పనక్కరలేదు. ఆడవాళ్లు, పిల్లలు వెంట ఉంటే ఆ సంగతి కూడా చెప్పండి. చాలా ఊళ్లలో వెంటనే ఎవరో ఒకరు తమ వాకిట్లోనే వేసుకోమంటారు, అది మైదానం కంటే మంచి చోటు.

ఒప్పుకున్న తరువాత "అన్నా, మనం మాట్లాడుకున్నట్టు ఈ రాత్రి గ్రౌండుల ఉంటున్నం" అని ఒక వాట్సాప్ సందేశం పంపి, చోటును కూడా జతచేయండి. రాత్రి గస్తీ పోలీసులు వచ్చి అడిగితే చూపించడానికి అదే కాగితం.

వద్దంటే బతిమాలవద్దు. "మరి ఏడనైతే మంచిదంటరు?" అని ఒక్క మాట అడగండి. వద్దన్న మనిషే మీరు పటంలో చూడని చోటొకటి చూపించడం మామూలే. డబ్బు ఇవ్వజూపవద్దు, కలిసి చాయ్ తాగడం వేరు, జాగాకు కిరాయి కట్టడం వేరు. రెండోది ఒకసారి అలవాటైతే మీ తరువాత వచ్చేవారికి ఉచితం అన్న మాటే ఉండదు.

6. వెలుతురు ఉండగానే నేలను చదవండి

పొద్దు గూకడానికి కనీసం రెండు గంటల ముందు చేరుకోవాలి. గుడారం విప్పకముందు చుట్టూ ఒకసారి నడవండి.

నీటి గుర్తు చూడండి. వాగు పక్కన, చెరువు కింద ఉన్న తుమ్మ చెట్ల కొమ్మలను దగ్గరికి వెళ్లి గమనిస్తే, ముళ్లకు చిక్కుకొని ఎండిపోయిన గడ్డి పోచలు, ప్లాస్టిక్ కవరు పీలికలు, వరి కొయ్యలు ఒకే ఎత్తులో వరుసగా కనిపిస్తాయి. పోయిన వానాకాలం నీరు వచ్చిన ఎత్తు అదే. ఆ గీత మీ మోకాలి కంటే పైన ఉంటే అక్కడ గుడారం వద్దు, ఏ కాలమైనా సరే.

పైకి చూడండి. ఎండు కొమ్మలున్న చెట్టు, తాటిచెట్టు, కరెంటు తీగ, ఈ మూడింటి కిందా వేయవద్దు. తాటి మట్ట ఊడి పడితే గుడారం గుడ్డ ఆపలేదు. 2024 ఆగస్టు 31న తాడ్వాయి, మేడారం అడవిలో వీచిన గాలికి వేల సంఖ్యలో మహావృక్షాలు వేళ్లతో సహా కూలాయి. మన అడవుల్లో చాలాచోట్ల మట్టి పొర పలుచన, వేళ్లు లోతుకు పోవు. గుట్ట బండలకు పెద్ద తేనెతుట్టెలు వేలాడుతుంటే ఆ చుట్టుపక్కల పొగ పెట్టే ఆలోచనే చేయవద్దు.

కిందికి చూడండి. పుట్టలు, బొరియలు, రాళ్ల కుప్పలు, గడ్డివాములు ఉన్నచోట ఎలుకలుంటాయి, ఎలుకలున్నచోట పాములుంటాయి. గొర్రెల మంద పెట్టిన చోటు మెత్తగా, పొడిగా ఉంటుంది కాని పిడుదులు ఉంటాయి. పశువులు నడిచే బాటకు అడ్డం వేయవద్దు. తెల్లవారుజామున బర్రెలు మీ కోసం తోవ మార్చుకోవు.

మేకు దించి చూడండి. రేగడిలో సులువుగా దిగుతుంది, అంత సులువుగానూ ఊడివస్తుంది. పొడవాటి మేకు ఏటవాలుగా కొట్టండి. మొరంలో ఇనుప మేకు తప్ప ఏదీ దిగదు. పరుపుబండ అయితే మేకుల ఊసే వద్దు, తలకాయంత రాళ్లకు తాళ్లు చుట్టి కట్టండి.

7. గుడారం వేయండి

ఇది అందరికీ తెలిసినదే కనుక క్లుప్తంగా చెబుతాను. ద్వారం గాలి వచ్చే వైపు ఉండకూడదు. కింద పరిచే టార్పాలిన్ గుడారం అంచులు దాటి బయటికి రాకూడదు. వస్తే రాత్రి మంచు నీరు దాని మీదినుంచి జారి మీ పరుపు కిందికి చేరుతుంది. చలికాలంలో కూడా పైన చిన్న కిటికీ తెరిచే ఉంచాలి, లేకపోతే మన ఊపిరి తడే తెల్లారేసరికి లోపల చుక్కలు కడుతుంది. వేశాక ఒకవైపు తాడు పట్టి గట్టిగా లాగి చూడండి. గుడారం మొత్తం కదిలితే మేకులు మళ్లీ కొట్టాలి, గుడ్డ మాత్రమే కదిలితే చాలు.

8. పొయ్యి, నీళ్లు, మరుగు

నేల మీద కట్టెల మంట పెట్టకపోవడమే మేలు. గ్యాస్ పొయ్యి చాలు. చలి మంట కావాలంటే ఊరివారు చూపిన చోట, ఇదివరకే మంట పెట్టిన గుర్తు ఉన్నచోట, చారెడు కట్టెలతో పెట్టుకోండి. వరి కొయ్యలున్న పొలం పక్కన అసలే వద్దు. చెట్టు కొట్టవద్దు, ఎండిందే అయినా.

చెరువు నీరు చేతులు కడుక్కోవడానికి సరే, తాగడానికి వద్దు. ఊరి నల్లా నీరు అడిగి తెచ్చుకోండి. చెరువులో చేపలు పట్టవద్దు, అవి మత్స్య సహకార సంఘంవారు పిల్లలు పోసి పెంచుకున్నవి. తాటిచెట్టుకు కట్టిన లొట్టి జోలికి పోవద్దని కూడా కొందరికి చెప్పవలసి వస్తోంది.

మరుగు కోసం నీటికి, దారికి కనీసం 60 మీటర్ల దూరంలో జానెడు గుంత తవ్వి, పని అయ్యాక మట్టి కప్పాలి. బడి, రైతు వేదికల్లో మరుగుదొడ్డి తాళం అడిగి తీసుకుంటే ఈ శ్రమే ఉండదు.

9. రాత్రి

చీకటి పడ్డాక చేలలోకి నడవవద్దు. ఈ గైడ్‌లో ఒక్క వాక్యమే గుర్తుంచుకోగలిగితే దీన్నే గుర్తుంచుకోండి. మక్క చేలకు, పల్లి చేలకు అడవి పందులు రాకుండా కొందరు దొంగచాటుగా సన్నని ఇనుప తీగలు కట్టి కరెంటు ఇస్తున్నారు. మోకాలి కంటే తక్కువ ఎత్తులో చిన్న కర్రలకు కట్టిన ఆ తీగ టార్చి వెలుగులో కూడా కనిపించదు. జంతువులే కాక మనుషులూ వాటికి బలైపోతున్నారు. పగలు అలాంటి తీగ కంటపడితే ముట్టుకోకుండా 1912కు ఫోను చేసి, ఆ చోటు వదిలి వెళ్లండి.

తిండి గుడారంలో ఉంచవద్దు. రాత్రి కుక్కలు, తెల్లారాక కోతులు వస్తాయి. కోతి జిప్పు తీయడానికి ఓపిక పట్టదు, గుడ్డనే చింపుతుంది. మూత గట్టి డబ్బాలో పెట్టి బండి డిక్కీలో ఉంచండి. గుట్టల దగ్గర ఎలుగుబంటి తిరుగుతుందని ఊరివారు చెబితే అక్కడ ఉండవద్దు, అంతే.

జిప్పు ఎప్పుడూ మూసే ఉండాలి, బయటికి అడుగు వేసే నిమిషంలో కూడా. కట్లపాము రాత్రి తిరుగుతుంది, దాని కాటు చాలాసార్లు నొప్పి లేకుండా చీమ కుట్టినట్టే ఉంటుంది. తెల్లారేసరికి కనురెప్పలు వాలిపోవడం, మింగలేకపోవడం మొదలవుతుంది. బూట్లు తొడిగేముందు బోర్లించి దులపండి. కాటు అనుమానం వస్తే కోయవద్దు, గట్టిగా తాడు బిగించవద్దు, మంత్రగాడి దగ్గరికి పోయి గంట పోగొట్టవద్దు. కరిచిన కాలు లేదా చెయ్యి కదలకుండా ఉంచి, 108కి ఫోను చేసి, దగ్గరి సర్కారు ఆసుపత్రికి, అవసరమైతే వరంగల్ ఎంజీఎంకు చేరండి. దగ్గరి ఆసుపత్రిలో పాముకాటు మందు ఉందో లేదో పగలే కనుక్కొని పెట్టుకోవడం ఉత్తమం.

10. ఉదయం

మంట పెట్టి ఉంటే బూడిద మీద నీళ్లు పోసి, కలిపి, మళ్లీ పోసి, చేతి వెనుకభాగం ఆనించి చూడండి. వెచ్చదనం తెలిస్తే ఇంకా ఆరలేదని అర్థం. గుడారం ఎత్తాక ఆ జాగా చుట్టూ నలుగురూ వరుసగా ఒకసారి నడిస్తే బిస్కెట్ కాగితం ముక్కలతో సహా దొరుకుతాయి. చెత్త ఊరి కుండీలో వేయకుండా వెంట తీసుకుపోండి. పంచాయతీ ట్రాక్టరు మీ కోసం రాదు. వెళ్లేముందు అనుమతి ఇచ్చిన మనిషికి చెప్పి వెళ్లండి. ఆయన ఒకసారి వచ్చి జాగా చూసుకుంటే మరీ మంచిది.

ఎక్కువగా జరిగే పొరపాట్లు

అన్నిటికంటే పెద్దది చీకటి పడ్డాక చేరడం. హన్మకొండలో మధ్యాహ్నం భోజనం చేసి బయలుదేరి, దారిలో వేయిస్తంభాల గుడి, రామప్ప చూసుకొని, ఏడు గంటలకు తెలియని ఊళ్లో సర్పంచి ఇల్లు వెతుకుతారు. ఆ వేళ ఎవరైనా అనుమానంగానే చూస్తారు, నేలను చదివే వీలూ ఉండదు. బయలుదేరే రోజు చూడవలసినవి ఏవీ పెట్టుకోవద్దు.

పటంలో ఎవరో గుర్తు పెట్టిన చోటును నమ్మడం రెండోది. ఆ గుర్తు పెట్టినవారు అడిగి ఉన్నారో, అడగకుండా ఉన్నారో మీకు తెలియదు. "ఇక్కడ ఇదివరకు కూడా వేశారు" అన్నది అనుమతి కాదు. ఇదే కారణంగా మీకు దొరికిన చోటును కూడా ఖచ్చితమైన గుర్తుతో అందరికీ చూపవద్దని నా అభిప్రాయం; ఊరి పేరు చెప్పండి, అడిగే పని వారినే చేసుకోనివ్వండి.

ఒకే ఒక్క చోటు పెట్టుకొని బయలుదేరడం మూడోది. వడ్లు, పెళ్లి, కబడ్డీ పోటీ, ఏదో ఒకటి అడ్డం రావచ్చు. ఒకే మండలంలో మూడు ఊళ్లు అనుకొని వెళ్లండి.

పాటల పెట్టె, డ్రోను. మొదటిదానికి ఊరు విసుక్కుంటుంది, రెండోదానికి ఏజెన్సీలో పోలీసులు వస్తారు.

ఎక్కడా కుదరకపోతే

ములుగు వైపు ఉంటే లక్నవరం, రామప్ప, తాడ్వాయిలలోనూ, కవ్వాల్ వైపు ఉంటే జన్నారంలోనూ పర్యాటక శాఖవారి హరిత వసతులున్నాయి. డబ్బు కట్టాలి, సెలవుల్లో ముందే బుక్ చేసుకోవాలి. కాళేశ్వరం, వేములవాడ, ధర్మపురి వంటి పుణ్యక్షేత్రాల్లో సత్రాలు ఉంటాయి, తక్కువ ఖర్చుతో అయిపోతుంది. సొంత బండి లేనివారు మాత్రం ఊళ్లోకి దిగేముందే ఆఖరి బస్సు ఎన్నింటికో కండక్టరును అడగాలి. ఆ బస్సుకు గంట ముందు దాకా అనుమతి దొరకకపోతే సామాను విప్పకుండా తిరిగి బయలుదేరండి.